వన్స్‌మోర్ లేని చావు

త్రినాథరావు చచ్చిపోవడం చూడ్డానికి జనం రాయ్‌గఢ్ నుంచి కూడా రైలెక్కి వచ్చేవారు.

మామూలు రోజుల్లో ఆయన బిలాస్‌పూర్ గూడ్స్ ఆఫీసులో గుమాస్తా. నాటకం ఉన్న రోజు మాత్రం నున్నగా గీసిన ఆ మొహానికి రంగు పూసుకుని, చీర కట్టి, సవరం పెట్టి 'సతీ కమలిని' అయిపోయేవాడు. ఆడవాళ్ళు రంగం ఎక్కడానికి ఇంకా జంకుతున్న రోజులవి. ఆడవేషం మగవాడే కట్టాలి, కడితే త్రినాథరావే కట్టాలి అని వాల్తేరు నుంచి ఖరగ్‌పూర్ దాకా పట్టాల వెంబడి కాపరాలున్న తెలుగువాళ్ళందరూ తీర్మానించేసుకున్నారు. ఆయన పాటలు గ్రామఫోను ప్లేట్లుగా వచ్చాయి. లోకో షెడ్డులో పనిచేసే ఫైర్‌మన్ల పెళ్ళాలు ఆయన పోసినట్టు కుచ్చిళ్ళు పోసుకోవడం, ఆయన నవ్వినట్టు పైట అంచు పంటికింద పెట్టి నవ్వడం నేర్చుకున్నారు. మగవాణ్ణి చూసి ఆడతనం నేర్చుకున్న ఊరు మరొకటి ఉందో లేదో నాకు తెలీదు.

నాటకం చివర్లో కమలినికి క్షయ వస్తుంది. తనని తన్ని తగలేసిన మొగుడి దగ్గరికి పాక్కుంటూ వచ్చి, తప్పులన్నీ తనవే, క్షమించమని పద్యం పాడి, ఆ కాళ్ళ మీద తల వాల్చి ప్రాణం విడుస్తుంది. హాలంతా గొల్లుమంటుంది. వెంటనే వెనక బెంచీల నుంచి "వన్స్‌మోర్!" అని కేక. అప్పుడు చచ్చిన కమలిని లేచి, చీర దులుపుకుని, శ్రుతి కోసం హార్మోనియం వైపు చెవి పెట్టి, మళ్ళీ పద్యం ఎత్తుకుని, మళ్ళీ చచ్చేది. జనం హుషారుని బట్టి ఎన్నిసార్లయినా చచ్చేది. అందులో ఎవరికీ వింత కనిపించేది కాదు.

కనిపించింది ఒక్క అప్పలకొండకే. ఆమె త్రినాథరావు భార్య, మేనమామ కూతురు కూడా.

విజయనగరంలో అమ్మమ్మ ఇంట ఉండి హైస్కూలు మొహం చూసిన పిల్ల. బిలాస్‌పూర్ కాపరానికి వచ్చాక, క్వార్టర్ల మధ్య కుళాయి దగ్గర ఆడవాళ్ళు మాట్లాడుకునే మాటలు వింది. ఇన్ని మాటలు కాలవలో పోతున్నాయే అనుకుంది. ఒక పత్రిక పెట్టింది. పేరు 'కూతవేటు'. తెలుగు అచ్చాపీసు ఆ ఊళ్ళో ఎక్కడుంది? అందుకని రేకు పళ్ళెంలో సరేసు జిగురూ గ్లిసరినూ కరగబోసి గడ్డ కట్టించేది. ఊదారంగు సిరాతో కాగితం మీద రాసి, దాన్ని ఆ గడ్డ మీద బోర్లా అద్దితే అక్షరాలు దిగబడతాయి. ఆ పైన తెల్ల కాగితం పరిచి నొక్కి తీస్తే ఒక కాపీ. తీసేకొద్దీ అక్షరాలు పలచబడి, ఆఖరి కాపీలు కళ్ళద్దాలకి పరీక్ష పెట్టేవి. ఆ కట్టలు గార్డు ఎర్రయ్య తన పెట్టెలో జెండాలకీ లాంతరుకీ మధ్యన పెట్టుకుని, స్టేషను స్టేషనుకీ దింపుకుంటూ పోయేవాడు. ప్రతి కాలనీలోనూ చదువొచ్చిన ఆడది ఒకతె పైకి చదివేది. మిగతావాళ్ళు బియ్యం ఏరుకుంటూ వినేవారు.

అందులో ఏముండేది? ఇంజన్ మసి వదిలే విధం ఉండేది. ఏ డ్రైవరు ఏ తీరున కూత వేస్తే ఇంట్లో ఎసరు పెట్టాలో ఉండేది. అత్తల మీద పాటలు, పాటల మీద అత్తల జవాబులు ఉండేవి. పత్రిక నెత్తిన "సంపాదకురాలు: పొట్నూరు అప్పలకొండ" అని ఉండేది. ఫలానా వారి భార్య అని లేదు. "మీ ఆయన ఫొటో ఏస్తే రెండింతలు పోతాది కదమ్మా," అని ఎర్రయ్య ఆశపెట్టాడు ఒకసారి. "సరేసు మీద మొగుడి ఫొటో దిగదు ఎర్రయ్యా, జారిపోతాడు," అంది.

ఇరవై నాలుగో ఏట ఆమెకి నిజంగానే క్షయ పట్టుకుంది. డాక్టరు పెండ్రా రోడ్డు శానిటోరియానికి పంపితే, అక్కడి మంచం మీంచి కూడా సంచిక తీసింది. జబ్బు తగ్గేది కాదని తెలిశాక ఇంటికొచ్చేసింది. పెరట్లో వేపచెట్టు నీడన నులకమంచం, మంచం పక్కన సిరా, కాగితాలు. అక్కడే ఆఫీసు.

ఒక పొద్దున్న పక్క క్వార్టరు మంగాయమ్మ వచ్చి గట్టు మీద చతికిలబడింది. ఫైర్‌మన్ పెళ్ళాం. అక్షరం ముక్క రాదు గానీ, ఒకసారి విన్నది జన్మలో మరిచిపోదు. ముందురోజు నాటకం చూసొచ్చింది. కళ్ళు ఇంకా ఉబ్బే ఉన్నాయి.

"ఓలమ్మీ కొండా! ఏటి సచ్చిపోనాడే మీ ఆయన!"

"ఎప్పుడూ చచ్చేదే కదప్పా."

"నేదు నేదు, ఈపాలి ఏరు. దగ్గినాడు సూడూ, అచ్చం నీలాగేనే! ఇలగ గుండెకాడ సెయ్యెట్టుకోని, పక్కకి తిరిగి, పైట సెంగు లోపలేపు తుడుసుకోని, ఎవులూ సూడకండా మడత ఎట్టీసినాడు. మా తోటికోడలు 'ఇది మన కొండమ్మ దగ్గే' అని రాగం తీసీసింది. ఇంక ఆడోల్లని ఆపినోల్లు నేరు. నిన్ను తలుసుకోనే ఏడిసినాం తల్లీ."

అప్పలకొండ చేతిలో కలం ఆగిపోయింది. చెంగు లోపలివైపు తుడుచుకుని మడత పెట్టడం, ఎరుపు ఎవరి కళ్ళా పడకూడదని ఆమె చేసుకున్న అలవాటు. ఒకే గదిలో ఉన్నవాడికి తప్ప తెలిసే అవకాశం లేదు.

"తరవాత ఏం చేశాడప్పా?"

"ఏటి సేత్తాడు? అలగే దగ్గుకుంటూ ఎల్లి మొగుడి కాల్ల మీద పడి సచ్చిపోనాడు. వన్స్‌మోర్ అంటే మళ్ళా దగ్గినాడు."

ఆ రోజు నుంచి మొదలైంది అసలు తంటా. ఆడవాళ్ళు పసుపూ కుంకుమా పట్టుకుని అప్పలకొండ మంచం దగ్గరికి రాసాగారు. "నువ్వే ఆ కమలినివి తల్లీ," అని కాళ్ళకి దండం పెట్టేవారు. రాతలు రావడం ఆగిపోయింది. వచ్చినవన్నీ కన్నీళ్ళే. ఆఖరికి దయాల్‌బంద్ పేట నుంచి ఒకామె నడిచొచ్చింది. తాగొచ్చి చెయ్యెత్తిన మొగుడికి బొగ్గుల పార ఎత్తి చూపించిన తన కథ ఆమె కిందటి నెల నోటితో చెప్పి రాయించింది. వచ్చే సంచికలో మొదటి పేజీ అదే.

"అది ఎయ్యొద్దమ్మా. తీసీ," అంది నేల చూపులు చూస్తూ.

"ఎందుకే? నిజం కాదా?"

"నిజమే. గానీ కమలినమ్మ అన్ని దెబ్బలు తినీ ఒక్కమాటైనా అందా? తమరు మాత్రం అంటన్నారా? పాపం తగులుద్ది నాకు."

అప్పలకొండకి అప్పుడర్థమైంది, పోయింది దగ్గొక్కటే కాదని. తన పత్రిక ఇన్నాళ్ళూ ఒక్కొక్క మాటే కూడబెట్టి నిలబెట్టిన ఆడవాళ్ళని మొగుడు ఒక్క పద్యంతో కాళ్ళ మీద పడేశాడు. అదీ తన దగ్గుతో.

సాయంత్రం త్రినాథరావు ఆఫీసు నుంచి వస్తూ కుదుదండ్ తోటలో జామపళ్ళు కొనుక్కొచ్చాడు. ఆమెకి ఇష్టమని.

"బావా, నా దగ్గు ఎక్కడ పెట్టావు?"

ఆయన మంచం అంచున కూర్చున్నాడు. "దొంగతనం అనకు కొండా. కంట్లో పడ్డది నేను వదల్లేను, అది నా రోగం. ఎంత ప్రాణం లేకపోతే అంతలా చూస్తాను నిన్ను? నువ్వు... తరవాత కూడా..."

"నేను పోయాక కూడా నన్ను చంపుతూనే ఉంటావు. అచ్ఛా. జనం వన్స్‌మోర్ అంటే ఇంకోసారి."

"అలా అనకే."

"దగ్గు నువ్వే ఉంచుకో. దాని మీద నాకేం మమకారం లేదు, మూట కట్టి ఇచ్చేస్తాను. కానీ దాన్ని తీసుకెళ్ళి మొగుడి కాళ్ళ దగ్గర పడేశావే! నేను ఎప్పుడైనా నీ కాళ్ళ మీద పడ్డానా?"

త్రినాథరావుకి ఆ బాధలోనూ నవ్వొచ్చింది. "పెళ్ళినాడు దండం పెట్టమంటేనే పంతులు గొంతు పోయింది కదా."

"మరి? కమలినిని నువ్వెలా చంపుకున్నా నాకు పట్టదు. నాలాగ చంపకు. చంపావు కాబట్టి నేను రాస్తాను, అది నేను కాదని."

"రాయి. కానీ ఆదివారం ఆట అయ్యేదాకా ఆగు."

ఆదివారం మధ్యాహ్నం రైల్వే ఇన్‌స్టిట్యూట్ హాల్లో మళ్ళీ ఆట ఉంది. షెడ్డులో రాత్రి డ్యూటీ చేసేవాళ్ళకి నాటకం దొరకదని వాళ్ళ కోసం పగటిపూట ఆడడం ఆ ఊరి రివాజు. ఈసారి కలకత్తా నుంచి గ్రామఫోను కంపెనీ మనిషి వస్తున్నాడు. చావు సీనుకి ఆడవాళ్ళు ఎలా ఏడుస్తారో కళ్ళారా చూసి, సీను మొత్తం ప్లేటెక్కిస్తాడట.

"ఇది నా జీవితం కొండా," అన్నాడు త్రినాథరావు.

"చావు నాది బావా," అంది అప్పలకొండ. "ఆదివారం తరవాతికి నేనుంటానని రాసిస్తావా? దగ్గేదీ నేనే, ఆగేదీ నేనేనా?"

ఆయన జామపళ్ళ సంచీ అక్కడే పెట్టి లోపలికి వెళ్ళిపోయాడు.

ఇదంతా వంటింటి గుమ్మంలో నిలబడి ఒకరు విన్నారు. లక్ష్మీనరసమ్మ, త్రినాథరావు తల్లి. కొడుకు కీర్తే ఆమెకి ఊపిరి. మర్నాడు పొద్దున్నే ఆవిడ సరేసు పళ్ళెం ఎత్తుకెళ్ళి బొగ్గుల పొయ్యి మీద పెట్టేసింది. కిందటి సంచిక అక్షరాలు ఆ గడ్డలో ఇంకా ఊదాగా కనిపిస్తున్నాయి. కోడలు కొడుకు మీద రాసిన రాత అదేననుకుంది ఆవిడ. గడ్డంతా కరిగి నీరైపోయేదాకా దగ్గరుండి చూసింది.

"ఒలే కొండా! నీ రాతలన్నీ తగలెట్టీసినాను. ఇంక ఏటి రాస్తావో రాయి! మొగుడి పేరు నోటంట అనకూడని గుంటవి, కాయితం మీద పెడతావా?"

అప్పలకొండ పళ్ళెంలోకి తొంగి చూసింది. సరేసు నిగనిగలాడుతూ, ఒక్క పాత అక్షరం కూడా లేకుండా తేరుకుని ఉంది. ఆమె నవ్వడం మొదలుపెట్టి, నవ్వు దగ్గులోకి తిరిగినా ఆపలేకపోయింది.

"అత్తా, కొత్త సంచికకి ముందు దీన్ని ఇలాగే కరిగించాలి. ఆ బరువెత్తి పొయ్యి మీద పెట్టే ఓపిక లేక వారం నుంచీ చూస్తున్నాను. చల్లారనీ. కదపకేం, గడ్డ సమంగా రావాలి."

లక్ష్మీనరసమ్మ విసురుగా లోపలికి వెళ్ళిపోయింది. కాసేపటికి వచ్చి, ఈగలు పడకుండా పళ్ళెం మీద చేట బోర్లించి వెళ్ళింది. ఎందుకు బోర్లించిందో ఆవిడకే తెలియాలి.

అప్పలకొండ ఆ మధ్యాహ్నమే రాసింది. మోకాలు ఆసరా పెట్టుకుని రాసింది. మంగాయమ్మ కాగితాలు అద్ది తీసింది. ఎర్రయ్య త్రినాథరావు పద్యాలకి పడి చచ్చే మనిషే, అయినా కట్ట అందుకున్నాడు. "సదివి ఇనిపించమ్మా ముందు," అన్నాడు. ఆమె చదివింది.

"నా పేరు అప్పలకొండ. నా మొగుడి పేరు త్రినాథరావు. ఆయన గొప్ప నటుడు, అందులో నాకు సందేహం లేదు. కమలిని దగ్గు నాదే. దగ్గు దాకానే నేను, ఆ పైన నేను కాదు. చచ్చిపోయేవాళ్ళకి ఊపిరి ఆడదు. ఊపిరి ఆడనివాళ్ళు పద్యం పాడరు. కాళ్ళ దాకా పాకే ఓపికే ఉంటే, ఆ ఓపికతో లేచి గంజి కాచుకుంటారు. రోగం వస్తే ఆడది మంచిదైపోదు, నోరు పడిపోదు. నాకు పడిపోలేదు, మా ఇంట్లో వాళ్ళని అడగండి. అక్కల్లారా, ఏడవాలనిపిస్తే మీ కోసం ఏడవండి. వాళ్ళు వన్స్‌మోర్ అన్నప్పుడు ఒక్క సంగతి గుర్తు పెట్టుకోండి. మనకి వన్స్‌మోర్ లేదు. ఉన్న ఒక్కసారీ ఒకరి కాళ్ళ దగ్గర పారెయ్యకండి."

ఎర్రయ్య "సహీ బాత్," అని కట్ట చంకన పెట్టుకుని డ్యూటీకి పోయాడు.

పత్రిక ఎర్రయ్య బండితో పాటు స్టేషన్లు దాటింది. బిలాస్‌పూర్‌లో మాత్రం కాగితం అక్కర్లేకపోయింది. మంగాయమ్మ కుళాయి కుళాయికీ తిరిగి, కామా పోకుండా అప్పజెప్పింది.

ఆదివారం మధ్యాహ్నం ఇన్‌స్టిట్యూట్ కిటకిటలాడింది. అప్పలకొండ వెళ్ళలేదు. వాళ్ళ క్వార్టరుకి వెనకాలే ఇన్‌స్టిట్యూట్. కిటికీలు తీసి ఉంటే హార్మోనియం పెరట్లోకి వినిపిస్తుంది. ఆమె వేపచెట్టు కింద గోడకి ఆనుకుని కూర్చుని వింటోంది. చావు పద్యం మొదలైంది. ఆ గొంతు ఎంత బాగుందో ఆమెకి తెలుసు. ఆ గొంతు కోసమే ఒప్పుకుంది పెళ్ళికి. మొదటి పాదం, రెండో పాదం... దగ్గు. తన దగ్గే. మిగతా పద్యం కూడా అయిపోయింది.

ఏడుపు లేదు.

ఆడవాళ్ళ వైపు కట్టిన తెర వెనక చీమ చిటుక్కుమనలేదు. మగవాళ్ళే అలవాటు కొద్దీ అరిచారు, "వన్స్‌మోర్! వన్స్‌మోర్!"

అప్పుడు మంగాయమ్మ గొంతు లేచింది. కుళాయి దగ్గర బిందె జరపమని అరిచే ఆ గొంతుకి హార్మోనియం చాలదు. "ఊరుకోండర్రా! ఒకపాలి సచ్చిన మనిసిని ఎన్నిపాల్లు సంపుతారు? బస్, పడుకోనీండి!"

ఎవరో ఆడమనిషి కిసుక్కుమంది. ఆ నవ్వు తెర పొడుగునా పాకింది. హార్మోనియం ఒకసారి కుయ్యిమని ఊరుకుంది.

కాసేపటికి పెరటి తలుపు తోసుకుని కమలిని వచ్చింది. పట్టపగలు, సవరం జారిపోయి, చెమటకి రంగు చారలు కట్టి, చీర కుచ్చిళ్ళు చేత్తో ఎత్తి పట్టుకుని వచ్చాడు త్రినాథరావు. మంచం దగ్గర నేల మీద కూలబడ్డాడు.

"ఒక్కర్తీ ఏడవలేదే."

"లేచావా?"

"లేవలేదు. చచ్చినవాణ్ణి చచ్చినట్టే ఉండిపోయాను. తెర దించేశారు."

"అయితే ఇవాళే సరిగ్గా చచ్చిపోయావన్నమాట. ప్లేట్ల మనిషో?"

"మెయిలుకి వెళ్ళిపోతానన్నాడు." ఆయన సవరం లాగి పక్కన పడేశాడు. "పరువు తీశావు కొండా."

"తీశాను," అంది. "నీ పరువుని నా దగ్గు మీద కట్టావు. అది ఎన్నాళ్ళు నిలిచేది బావా? ఆ కొబ్బరినూనె ఇలా ఇయ్యి."

ఆయన ఇచ్చాడు. ఆమె గుడ్డకి నూనె అద్ది ఆ బుగ్గల మీది రంగు తుడిచింది. అలిసిపోయి చేయి మధ్యలో ఆగిపోతే, మిగతాది ఆయనే తుడుచుకున్నాడు.

ఆ తరవాత ఆమె ఎక్కువ రోజులు లేదు. ఉన్న రోజుల్లో ఇంకో సంచిక తయారు చేసింది. అందులో ఆఖరి పేజీ ఆయన ఎదుటే రాసి, ఆయనకే చదివి వినిపించింది.

"ఈ పత్రిక సంపాదకురాలు అప్పలకొండ ఫలానా తేదీన క్షయతో పోయింది. కూర్చుని పోయింది. ఎవరి కాళ్ళ మీదా తల పెట్టలేదు. ఎవరినీ క్షమించమని అడగలేదు, అడగవలసిన తప్పు ఎంత వెతికినా గుర్తు రాలేదు. పులుసులో ఉప్పు ఎక్కువైన మాట నిజం. వచ్చే సంచికకి రాతలు పంపేవారు పున్నమి లోపల గార్డు ఎర్రయ్యకి అందజేయవలెను."

"తేదీ దగ్గర ఖాళీ వదిలాను. అది నువ్వు వెయ్యి," అంది. "ఇంకో మాట కలపకు. సాధ్వి అనీ, మణి అనీ అసలే వద్దు."

"ఇందులో రాసినట్టే జరుగుతుందని నీకేం తెలుసే?" అన్నాడాయన కళ్ళు తుడుచుకుంటూ.

"నా పత్రికలో అబద్ధం పడనివ్వను."

పడనివ్వలేదు. ఒక పొద్దున్న గోడకి ఆనుకుని కూర్చుని, మంగాయమ్మ అప్పజెబుతున్న ఎవరిదో పాటలో ఒక చరణం బాగోలేదని చెయ్యి అడ్డంగా ఊపి, అలాగే పోయింది.

ముత్తయిదువ చావు అని ఊరి ఆడవాళ్ళంతా వచ్చారు. పసుపు రాశారు, పూలు పెట్టారు. లక్ష్మీనరసమ్మ ఏడ్చి ఏడ్చి, చివరికి కొడుకుని పిలిచింది. "నాయనా, పాడె ఎక్కించే ముందల ఒక్కపాలి దాని తల నీ కాల్లకి తగిలించీ. పున్నెం వస్తాది గుంటకి."

త్రినాథరావు కాళ్ళు వెనక్కి తీసుకున్నాడు.

"వద్దమ్మా. పత్రికలో పడిపోయింది."

ఆవిడకి అర్థం కాలేదు. మంగాయమ్మకి అయింది. ఏడుస్తూనే ఫక్కున నవ్వింది.

కర్మకాండ అయిన మర్నాడు త్రినాథరావు ఊదా సిరాతో తేదీ వేశాడు. ఇంకో మాట కలపలేదు. కాపీలు తీయడం రాక మొదటి రెండు కాగితాలు చింపేస్తే, మంగాయమ్మ చెయ్యి పక్కకి తోసి తానే తీసింది. ఆ తరవాత ఆయన పైఊళ్ళలో కమలిని వేషం కట్టాడు. బతకాలి కదా. కానీ ఎంత అరిచినా రెండోసారి లేచేవాడు కాదట.

సరిగ్గా పున్నమి ముందు దయాల్‌బంద్ ఆమె మళ్ళీ నడిచొచ్చింది. వేపచెట్టు కింద ఖాళీ మంచాన్నీ, దాని పక్కన కలం పట్టుకుని ఏం చెయ్యాలో తెలియక కూర్చున్న త్రినాథరావునీ చూసింది. ఒకప్పుడు ఆయన నవ్వినట్టు నవ్వడం నేర్చుకున్నవాళ్ళలో ఈమె కూడా ఉంది. ఇప్పుడు నవ్వలేదు. చెంగు నడుముకి బిగించి ఎదురుగా కూర్చుంది.

"బొగ్గుల పార సంగతి ఏసుకోండి బాబూ. నాను సెప్తాను, రాయండి."

ఆయన కాగితం సర్దుకున్నాడు.

"సెప్పినట్టే రాయండి," అంది. "ఏడుపు కలపకండి."